మేనమామ ఇంటిపేరు

బిడ్డ పుట్టిన అయిదో రోజున, మేడానికి తలంటు పోస్తూ పోస్తూ, పెంచలమ్మ పేచీ పెట్టుకుంది. పేచీ బిడ్డ పేరు మీద. పనిమనిషికి ఆ హక్కు ఎక్కడిదని అడిగేవాళ్లు అడగొచ్చు. కాని ఆ ఇంట్లో బాలింతకు నడికట్టు కట్టింది పెంచలమ్మ, సాంబ్రాణి పొగ వేసింది పెంచలమ్మ, వద్దు మొర్రో అంటున్నా వినకుండా మిరియాల చారు తాగించింది పెంచలమ్మ. అంత చేసిన మనిషికి పేరు బాగా లేకపోతే బాగా లేదని చెప్పే పాటి చనువు ఉండదా?

అది మస్కట్‌లో అజైబా. సముద్రానికి రెండు వీధుల ఇవతల తెల్ల గోడల విల్లా. మేడం పేరు ఊనా. ఐర్లండ్ మనిషి. సారు నెలలో సగం రోజులు ఎడారిలో చమురు బావుల దగ్గరే ఉంటాడు. పెంచలమ్మది కడప జిల్లాలో రాజంపేట దగ్గర పల్లె. వీళ్లిద్దరి మధ్య సగం ఇంగ్లీషు, పావు హిందీ, తక్కిందంతా చేతులు. అయినా మాట అర్థం కాక ఆగిపోయిన రోజు ఒక్కటీ లేదు.

"బ్రెనన్ అంటే ఏంది మేడమా?" అంది పెంచలమ్మ. "దేవుడి పేరా?"

"కాదు. ఇంటిపేరు. మా అమ్మ పుట్టింటి పేరు."

పెంచలమ్మ చేతిలో చెంబు ఆగిపోయింది. "ఇంటిపేరు పట్టకొచ్చి పిల్లోనికి పెడతారా యాడన్నా? మా ఊర్లో వీధిలో నిలబడి ఇంటిపేరుతో కేకేస్తే పదిమంది తిరిగి చూస్తారు."

ఊనా మొహం మీది నీళ్లు తుడుచుకుంటూ నవ్వింది. వాళ్ల కిల్కెన్నీలోనూ అంతేనట. బ్రెనన్ అని పిలిస్తే సంతలో సగం మంది పలుకుతారట. "కాని మా అమ్మ పుట్టింట్లో పలికేవాళ్లు ఎవరూ లేరు. మా మేనమామతో అయిపోయింది. అందుకే ఆ ఇంటి ఆడపిల్ల తన కొడుక్కో మనవడికో ఆ పేరే పెట్టుకుంటుంది. మా దగ్గర అది ఉన్న పద్ధతే."

తరవాత ఆమె ఆ పేరు పుట్టుపూర్వోత్తరాలు చెప్పుకొచ్చింది. వాళ్ల పాత భాషలో అది ఓ బ్రేనాన్. 'ఓ' అంటే మనవడు, ఆ వంశం వాడు అని. బ్రేనాన్ అనేవాడు ఎన్నో వందల ఏళ్ల కిందటి మూలపురుషుడు. ఆ పేరులో ఉన్న మాటకి అర్థం చినుకు. కొందరు కన్నీటి బొట్టు అని కూడా చెబుతారు. ఇంగ్లీషు వాళ్ల ఏలుబడిలో ఆ పాత పేర్లతో పనులు దొరికేవి కావు. అందుకని జనం ముందున్న 'ఓ' తీసేశారు, తక్కినదాన్ని ఇంగ్లీషు నోటికి తిరిగేట్టు మార్చుకున్నారు. అలా బ్రెనన్ అయింది.

"పని కోసరం పేరు కోసుకున్న్యారా?" అంది పెంచలమ్మ.

"పని కోసమే."

పెంచలమ్మ పేచీ మానేసి రెండో చెంబు నీళ్లు పోసింది. ఆ రోజు నుంచి బిడ్డను చినుకు అని పిలవడం మొదలుపెట్టింది. వానకు మొహం వాచిన సీమలో పుట్టింది కదా, ఆమెకు అంతకంటే మంచి పేరు తెలియదు.

ఆమె అంత ఉన్నట్టుండి పేచీ మానేయడానికి కారణం ఉంది. పెంచలమ్మ మెట్టినింటి పేరు పోతుగుంట. పుట్టింటి పేరు ఊటుకూరి. ముత్తాతల కాలంలో ఊటుకూరు నుంచి వలస వచ్చిన కుటుంబం కనుక ఆ పేరు. ఊళ్లో ఆ ఇంటిపేరు వాళ్లు ఆ ఒక్క గడపే. ఆ గడపలో మిగిలిన మగవాడు ఆమె తమ్ముడు ఓబులేసు ఒక్కడే. తల్లి పోయేనాటికి వాడికి ఏడాది నిండలేదు, ఈమెకు పన్నెండేళ్లు. వాణ్ణి చంకనేసుకునే కలుపుకు పోయింది, చంకనేసుకునే పెద్దమనిషి అయింది. పెళ్లయి అత్తవారింటికి పోతుంటే బండి వెనకాల వాడు మైలు దూరం పరిగెత్తాడు. ఆ మాట చెప్పినప్పుడల్లా పెంచలమ్మ వాణ్ణి తిడుతుంది. తిట్టకపోతే ఏడుపొస్తుంది.

ఓబులేసు మొదటిసారి మస్కట్ వచ్చింది మేకల పనికి. కఫీలు, అంటే వీసా ఇచ్చిన యజమాని, జీతం ఇవ్వకపోతే పారిపోయి బయట పనిచేశాడు. దొరికాడు. ఔట్‌పాస్, అంటే ఒక్కసారి ఊరికి పోవడానికి పనికొచ్చే కాగితం, ఇచ్చి ఇంటికి పంపించారు. మళ్లీ ఆ పేరుతో ఈ దేశంలో అడుగు పెట్టడానికి లేదు. ఊళ్లో ఏముంది? రెండు బోర్లు వేసి రెండింటా దుమ్ము చూశాడు. అప్పుడు ఏజెంటు వేరే మనిషి పాస్‌పోర్టు తెచ్చి, ఫొటో మార్చి చేతిలో పెట్టాడు. జగిత్యాల దగ్గర మల్లేశం అనే అతను పైసల ఇబ్బందిలో ఆ పాస్‌పోర్టు ఏజెంటుకు ఇచ్చేశాడు. రెండు వేల ఆరులో ఓబులేసు మల్లేశం అయి వచ్చి అల్ ఖువైర్‌లో బిల్డింగు సైట్ మీద డ్యూటీలో చేరాడు.

శుక్రవారం శుక్రవారం అజైబాకు వచ్చేవాడు. వెనక గేటు దగ్గర మెట్టు మీద కూర్చుని అక్క పెట్టిన రాగిసంకటి తినేవాడు. ఆ మెట్టు మీద తప్ప ఒమాన్ మొత్తం మీద ఇంకెక్కడా వాడు ఓబులేసు కాదు. రూమ్‌లో మల్లేశం, సైట్‌లో మల్లేశం, హాజరులో మల్లేశం.

"ఆ పేరుతో పిలిస్తే తిరిగి చూస్తాండావా, లేదా?" అని ఒకసారి అడిగింది పెంచలమ్మ.

"మొదట్లో రెండుసార్లు పిలవల్సి వచ్చేది అక్కా. ఇప్పుడు ఒకసారికే పలుకుతాండా." వాడు సంకటి ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. "అదే భయమేస్తాది."

పెంచలమ్మ వాడికి ఊనా చెప్పిన కథ చెప్పింది. పని కోసం పేరు కోసుకున్న వాళ్ల కథ. వాడు నడవడం నేర్చుకుంటున్న బ్రెనన్‌ను మోకాళ్ల మీద ఎక్కించుకుని, "అట్లయితే నువ్వూ నా మాదిరే రా సామీ" అన్నాడు. వచ్చే ఉగాదికి ఇంటికి పోతానని, పెళ్లి చేసుకుంటానని, మగబిడ్డ పుడితే ఈ దొరల పద్ధతి మన ఊళ్లో మొదలుపెట్టి ఊటుకూరి అనే పేరు పెట్టేస్తానని అన్నాడు. అక్కాతమ్ముళ్లు ఇద్దరూ విరగబడి నవ్వారు. ఊటుకూరి ఊటుకూరి అని పెళ్లి పత్రికలో ఎలా ఉంటుందోనని ఒకళ్లనొకళ్లు ఆటపట్టించుకున్నారు.

ఆ ఉగాది రాలేదు. రెండు వేల ఎనిమిది ఆగస్టులో, మధ్యాహ్నం అన్నం వేళ సైట్ నీడన పడుకున్న ఓబులేసు మళ్లీ లేవలేదు. గుండె ఆగిపోయిందన్నారు. ఎండ అని కూడా అన్నారు. వాడికి ముప్పై రెండేళ్లు.

కబురు తెచ్చింది షఫీ. రాయచోటి అబ్బాయి, పికప్ నడుపుతాడు, మనవాళ్లకు ఏ కష్టం వచ్చినా కాగితాల పని తిరిగి పెడతాడు. ఆ దేశంలో ఓబులేసు అసలు పేరు తెలిసిన మూడో మనిషి అతనే. వెనక గేటు దగ్గర నిలబడి అతను చెప్పిన మాట పెంచలమ్మకు అర్థం కావడానికి చాలాసేపు పట్టింది. అర్థమయ్యాక ఆమె గుండెలు బాదుకుని పెట్టిన ఏడుపుకు పక్క విల్లా వాళ్లు బయటికి వచ్చారు.

అసలు నరకం తరవాత మొదలైంది. ఆస్పత్రి శవాగారంలో ఉన్నది కాగితాల ప్రకారం జగిత్యాల మల్లేశం. మల్లేశానికి పెంచలమ్మ ఏమవుతుంది? ఏమీ కాదు. దూరం నుంచి ఒకసారి మొహం చూపించారు. అక్కడి ఉద్యోగి "మీకేమవుతాడు?" అని అడిగితే, షఫీ ఆమె మోచెయ్యి నొక్కి, "తెలిసినామె, సార్" అన్నాడు. బయటికొచ్చాక పెంచలమ్మ అతని మీద విరుచుకుపడింది.

"తెలిసినామెనా? వానికి పాలు పట్టినదాన్ని, తెలిసినామెనా నేను?"

"అక్కా, నిజం చెప్తే కేసు పడతాది. కేసు తెగేదాకా మనిషిని ఇయ్యరు. నెలలు పడతాది, సంవత్సరం కూడా పట్టచ్చు. ఆ జగిత్యాలోళ్లు జైలుకు పోతారు. నువ్వే ఆలోచించు."

మల్లేశం భార్య కాగితం పంపాలి. ఆమె సంతకం చేస్తేనే శవం కదులుతుంది. ఇండియాకు పంపడం కుదరదు, పెట్టె నేరుగా బతికున్న మల్లేశం ఊరికి పోతుంది, ఊరంతా చూస్తుంది. కాబట్టి ఇక్కడే కాల్చడానికి ఒప్పుకున్నట్టు రాయాలి. ఆమె రాయలేదు. ఒక వారం, రెండు వారాలు, నాలుగు వారాలు. తమ్ముడు ఐసు అరలో ఉన్నాడన్న ఊహతో పెంచలమ్మ ఫ్రిజ్ తలుపు తెరవడం మానేసింది. ఆ ఇంట్లో పాలు, కూరగాయలు ఊనాయే తీసి ఇచ్చేది.

ఊనాకు మొదట్లో ఎవరో చుట్టం పోయాడని మాత్రమే తెలుసు. నెల నాటికి పెంచలమ్మ ఉండబట్టలేక మొత్తం చెప్పేసింది. పాస్‌పోర్టు, మల్లేశం, శవాగారం, అన్నీ. చెప్పి, పని పోతుందేమోనని నిలబడింది. ఊనా కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది.

"మా మేనమామ కథ నీకు సగమే చెప్పాను" అంది. ఆయన లండన్‌లో రోడ్లు తవ్వే కూలి. పన్ను తప్పించుకోవడానికో, పాత బాకీ తప్పించుకోవడానికో, అక్కడ చాలామంది వేరే పేర్లతో పనిచేసేవాళ్లట. ఆయనా అంతే. మట్టి విరిగిపడి చచ్చిపోతే ఆ దొంగ పేరుతోనే పాతిపెట్టారు. "మా అమ్మ పదిహేడేళ్లు వెతికింది. చివరికి సమాధి దొరికింది. రాయి మీద ఎవరిదో పేరు. మా అమ్మ ఆ రాయి దగ్గర నిలబడి ఎవరిని తలుచుకోవాలో తెలియక ఏడ్చింది. నా కొడుక్కి ఆ పేరు ఊరికే పెట్టలేదు పెంచలా. నువ్వు ఆ తప్పు జరగనివ్వకు. నేను ఎంబసీకి ఉత్తరం రాస్తాను. అసలు పేరుతో, ఇంటిపేరుతో. లాయరును కూడా పెడతాను."

ఆ సాయంత్రమే ఉత్తరం రాసింది. ఊటుకూరి ఓబులేసు అని ఇంగ్లీషులో ఎలా రాయాలో పెంచలమ్మ చేత రెండుసార్లు పలికించుకుని మరీ రాసింది. పెంచలమ్మకు చదువు రాదు. కాని ఆ గీతలే తమ్ముడి పేరని ఊనా వేలు పెట్టి చూపిస్తే, నెల రోజుల్లో మొదటిసారి కడుపు నిండా అన్నం తిన్నది. ఎన్నాళ్లయినా పట్టనీ, తన తమ్ముడు తన తమ్ముడిగానే కాలుతాడు. అంతకంటే ఆమెకేమీ అక్కర్లేదు.

మర్నాడు పొద్దున ఉత్తరం ఇవ్వడానికి బయల్దేరబోతుంటే ఫోను మోగింది. షఫీ నంబరు ఇచ్చాడట.

"అక్కా, నేను యాదవ్వను. మల్లేశం పెండ్లాన్ని."

పెంచలమ్మ గోడకు ఆనుకుంది.

"నేను నెల దినాలు ఆలోచన జేసిన. కాయితం మీద సంతకం పెడ్తె నా మొగడు సచ్చినట్టు. బతికున్నోని మీద ఎట్ల వెట్టాలె అని మా అత్త తిట్టింది. ఇగో, ఆయన నా పక్కకే కూసున్నడు. బువ్వ గూడ తింటలేడు. నా పేరు మీద ఓ తల్లి బిడ్డ ఐసు డబ్బల పడి ఉన్నడని ఏడుస్తుండు." ముక్కు చీదిన చప్పుడు. "పొద్దుగాల్నే వేలిముద్ర వేసిన అక్కా. సర్పంచ్‌కు తెల్వకుండ పక్క మండలం వోయి వేసిన. కాయితం ఫ్యాక్స్ చేసిన్రు. ఇగ నువ్వు మా పేరు బయట వెట్టకు. ఆయన జైలుకు వోతే నేనూ పిల్లలూ మట్టిల కలుస్తం. నీ కాళ్లు మొక్కుత."

ఊనా ఉత్తరం చేత పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉంది. పెంచలమ్మ ఆ కాగితం వైపు చూసింది. కోపం వచ్చింది. ఎవరి మీదో తెలియని కోపం. పేరు అమ్ముకున్న వాడి మీద, కొన్న తమ్ముడి మీద, మధ్యలో తిన్న ఏజెంటు మీద, తడి చూపించని బోరు మీద. ఈ ఆడమనిషి మీద మాత్రం రాలేదు. ఎంత ప్రయత్నించినా రాలేదు.

"కాళ్లు మొక్కే మాటలు మాట్లాడొద్దు మా" అంది చివరికి. "నీ పసుపు కుంకాలు తీసి నా తమ్మునికి అడ్డం పెట్టినావు. నేను నోరు తెరవను."

ఫోను పెట్టి, ఊనా చేతిలోంచి ఉత్తరం తీసుకుని నాలుగు మడతలు పెట్టి తిరిగి ఆమె చేతిలోనే పెట్టింది. "వద్దు మేడమా. వాడు సచ్చిపోయినాడు. వాళ్లు బతికుండారు."

ఊనా చాలాసేపు వాదించింది. తరవాత ఆమెను పట్టుకుని ఏడ్చింది.

ముప్పై ఎనిమిదో రోజున, పొద్దున్నే, హిందువులను కాల్చే చోటికి తీసుకెళ్లారు. ఊనా తన కారులో పెంచలమ్మను తీసుకొచ్చి దూరంగా ఆగింది. రూమ్ నుంచి ఆరుగురు వచ్చారు. అందరూ తెలంగాణ వాళ్లే. యాసను బట్టి వాడు తమ వైపు వాడు కాదని వాళ్లకు ఎప్పుడో తెలుసు. ఎవరూ అడగలేదు. క్యాంపులో అలాంటివి అడగరు. కాని పేరు మాత్రం వాళ్లకు అదే తెలుసు. కంపెనీ పీఆర్వో కాగితాల ఫైలు పట్టుకుని పక్కనే నిలబడ్డాడు. ఒక పోలీసు కూడా ఉన్నాడు.

నలుగురు మోసుకొచ్చి, కట్టెలకు కాస్త ఇవతల దించారు. దింపుడు కళ్లం. చచ్చిపోయినవాడి చెవిలో అయినవాళ్లు మూడుసార్లు పేరు పెట్టి పిలవాలి. ప్రాణం ఆ దగ్గర్లో ఎక్కడైనా తచ్చాడుతుంటే తన పేరు విని తిరిగి వస్తుందని ఆశ. దేశం కాని దేశంలో కూడా ఆ ఆరుగురూ అది మరవలేదు. రూమ్‌లో పెద్దవాడు గంగాప్రసాద్ మోకాళ్ల మీద వంగాడు. రెండేళ్లు ఓబులేసుతో ఒకే పొయ్యి మీద వండుకు తిన్న మనిషి.

"మల్లేశం" అని పిలిచాడు. "అరేయ్ మల్లేశం, లేవురా. డ్యూటీకి యాళ్లయితాంది." తువ్వాలు నోట్లో కుక్కుకున్నాడు. అతని ఏడుపు నిజం. అతని ప్రేమ నిజం. పేరొక్కటే కాదు. అదే పెంచలమ్మ భరించలేకపోయింది.

మూడో పిలుపు మిగిలింది. గంగాప్రసాద్ తల తిప్పి, "నువ్వు పిలువు అక్కా. శుక్రవారం శుక్రవారం నీ చేతి బువ్వ తిన్నడు" అన్నాడు.

పెంచలమ్మ వచ్చి కూర్చుంది. తమ్ముడి చెవి చల్లగా, రాయిలా ఉంది. చిన్నప్పుడు ఆ చెవిలో చీము పడితే వారం రోజులు వెల్లుల్లి నూనె వేసింది. మెల్లగా చెవిలోనే చెప్పుకోవచ్చు కదా అనుకుంది. కాని తనను తాను ఎరుగును. ఓబులేసూ అని ఒక్కసారి నోట వచ్చిందంటే అది గుసగుసగా ఆగదు. వాడి పేరు, ఇంటిపేరు, తండ్రి పేరు, తల్లి పేరు పెట్టి ఊరు ఊరంతా వినేట్టు ఏడుస్తుంది. పీఆర్వో నాలుగడుగుల దూరంలో ఉన్నాడు. అక్కడ జగిత్యాలలో ఒక ఆడమనిషి పొయ్యి రాజేసుకుంటూ ఉంటుంది.

"మల్లేశం" అంది పెంచలమ్మ, అందరికీ వినపడేట్టు. తమ్ముణ్ణి ఆ పేరుతో పిలవడం అదే మొదటిసారి. నాలుక మీద నిప్పు పెట్టినట్టయింది. వాడు ఒకవేళ నిజంగానే వింటుంటే, అక్క ఎవర్నో పిలుస్తోందని ఊరుకుని ఉంటాడు.

తరవాత పైకి ఎత్తారు, పెట్టారు, నిప్పు పెట్టారు. పీఆర్వో కాగితం మీద సంతకం చేయించుకుని వెళ్లిపోయాడు.

ఆ మధ్యాహ్నం పెంచలమ్మ స్నానం చేసి, తడి జుట్టుతో వంటింటి గట్టు దగ్గర ఊరికే నిలబడి ఉంది. అన్నం వండలేదు. ఊనాయే పిల్లవాడికి ఏదో తినిపించుకుంటోంది. ఫోను మోగింది.

"అయిపోయిందా అక్కా?" యాదవ్వ.

"అయిపాయ మా."

"ఒక మాట అడుగుత, కోపం జెయ్యకు. ఆయన పొద్దుగాల కెల్లి ఏం తినలే. ఇప్పుడు బాయి కాడ తానం జేసి, చెంబుల నీళ్లు వట్టుకొని నిలవడ్డడు. నా పేరు మీద కాలిపోయినోనికి నేను గాక నీళ్లు ఎవలిడుస్తరు అంటుండు. మల్లేశం అని ఎట్ల ఇడుస్త, ఆ మనిషి పేరు అడుగు అంటుండు. ఇంటిపేరుతోని జెప్పు."

పెంచలమ్మ నోరు తెరిచింది. రెండేళ్లు దాచిన పేరు, పొద్దున గొంతులోనే తొక్కిపెట్టిన పేరు, ఇప్పుడు రమ్మంటే రాలేదు. గట్టు పట్టుకుంది. కళ్లు మూసుకుంది.

"ఊటుకూరి" అంది. "ఊటుకూరి ఓబులేసు."

యాదవ్వ ఫోను భర్త దగ్గరికి తీసుకెళ్లినట్టుంది. గాలి చప్పుడు, ఎక్కడో గేదె అరుపు, ఆ తరవాత మగ గొంతు. ఎన్నడూ చూడని మనిషి గొంతు. ఒక్కో అక్షరం తప్పు పోకుండా, మెల్లగా, గట్టిగా పలికాడు. "ఊటుకూరి ఓబులేసూ." నీళ్లు పడిన చప్పుడు. మళ్లీ పిలిచాడు. మళ్లీ నీళ్లు. మూడోసారి పిలిచేసరికి పెంచలమ్మ వంటింటి నేల మీద కూలబడిపోయి ఉంది.

"అక్కా, ఉన్నవా?" అంది యాదవ్వ.

"ఉండా మా" అంది పెంచలమ్మ. "ఇంకొక్కసారి పిలవమను."